బ్యాగు ఎక్కడ పెట్టాలె? స్టేడియం గేటు దగ్గర చెకింగ్ వెనక ఉన్న చరిత్ర

ఈ ఎపిసోడ్ ఒక చిన్న ప్రశ్నతో మొదలుపెడదాం. తొర్రూరు నుంచి ఉప్పల్‌కి ఐపీఎల్ మ్యాచ్ చూడడానికి పోయేటోళ్లు బ్యాగు ఎక్కడ పెడతారు?

నవ్వకండి, ఇది సీరియస్ ప్రశ్న. మన సైడు నుంచి జనగామ మీదుగా హైదరాబాద్ పోయే బస్సుకు సిటీలో ముందు తగిలేదే ఉప్పల్. బస్సు దిగితే స్టేడియం దగ్గరే. మ్యాచ్ రాత్రి ఏడున్నరకు మొదలై పదకొండు దాటాక అయిపోతుంది. ఆ టైముకు తొర్రూరు బస్సు దొరకదు. అంటే రాత్రికి ఎక్కడో ఉండాలె. ఒక జత బట్టలు, ఛార్జర్, పవర్ బ్యాంకు, అమ్మ కట్టిచ్చిన సకినాలు, ఇవన్నీ ఒక బ్యాగులో ఉంటాయి. గేటు దగ్గరికి పోతే బోర్డు మీద రాసి ఉంటది: బ్యాగులకు అనుమతి లేదు. నీళ్ల సీసా వద్దు, పవర్ బ్యాంకు వద్దు, లైటర్ వద్దు, బయటి తిండి వద్దు. చాలా స్టేడియంల లిస్టుల్లో హెల్మెట్ కూడా ఉంటుంది. రోడ్డు మీద హెల్మెట్ లేకపోతే చలానా, గేటు దగ్గర హెల్మెట్ ఉంటే వాపస్!

హబ్సిగూడలో ఉండేవాడికి ఈ రూల్‌తో ఏ ఇబ్బందీ లేదు. బ్యాగు ఇంట్లో పెట్టి, ఫోన్ జేబులో వేసుకుని నడుచుకుంటూ వస్తాడు. రూల్ అందరికీ ఒకటే, కానీ దూరం నుంచి వచ్చినోడికి అది వేరే రూల్. అందుకే ఈ రూల్ ఎక్కడ పుట్టింది, ఎందుకు పుట్టింది, ఎవరు చనిపోతే పుట్టింది అని వెతికాను. వెతికితే అమెరికాలో కాలేజీ బాస్కెట్‌బాల్ దగ్గరి నుంచి దిల్‌సుఖ్‌నగర్ దాకా పోయింది కథ.

ముందు బాస్కెట్‌బాల్. మన దగ్గర ఇంటర్ కాలేజీ బాస్కెట్‌బాల్ మ్యాచ్ అంటే మీకు తెలుసు. వరంగల్‌లో ఏ క్యాంపస్‌కైనా పొండి, టికెట్ లేదు, గేటు లేదు. ఆడేటోళ్ల బ్యాగులు, చూసేటోళ్ల బ్యాగులు అన్నీ కోర్టు పక్కన కుప్పగా ఉంటాయి. వాటి మీదనే కూర్చుని చూస్తారు కొందరు. అదే ఆటకు అమెరికాలో పెద్ద యూనివర్సిటీల్లో పదివేలు, పదిహేను వేల మంది వస్తారు. మన తెలుగు పిల్లలు అక్కడ వేల మంది చదువుతున్నారు కాబట్టి ఆ గేట్ల దగ్గర మనవాళ్లు కూడా నిలబడుతున్నారు. టెక్సస్‌లో ఎంఎస్ చేసిన నా క్లాస్‌మేట్ ఒకడు ల్యాబ్ నుంచి నేరుగా మ్యాచ్‌కి పోయాడంట, వీపుకు ల్యాప్‌టాప్ బ్యాగు. గేటు దగ్గర ఆపి, అవతలివైపు కనిపించే ప్లాస్టిక్ సంచి అయితేనే లోపలికి అన్నారు. యూనివర్సిటీలో పుస్తకాల బ్యాగు తేవద్దనడం ఏందిరా అని వాడి బాధ.

ఆ ప్లాస్టిక్ సంచికి కొలతలు ఉన్నాయి. 12 అంగుళాల పొడవు, 12 అంగుళాల ఎత్తు, 6 అంగుళాల వెడల్పు. అది కాక ఆడవాళ్లు చేత్తో పట్టుకునే చిన్న పర్సు ఒకటి, నాలుగున్నర బై ఆరున్నర అంగుళాలు. ఈ కొలతలు పెట్టింది కాలేజీలు కాదు. 2013లో అమెరికా ప్రొఫెషనల్ ఫుట్‌బాల్ లీగ్, అంటే ఎన్‌ఎఫ్‌ఎల్, ఆ సీజన్ నుంచి అన్ని స్టేడియంలలో ఈ రూల్ పెట్టింది. కాలేజీలు తర్వాత అందుకున్నాయి. దక్షిణాది యూనివర్సిటీల లీగ్ అయిన ఎస్‌ఈసీ 2017లో తన ఫుట్‌బాల్ మ్యాచ్‌లన్నిటికీ పెట్టింది. తర్వాత అది బాస్కెట్‌బాల్ హాళ్లలోకీ వచ్చేసింది.

2013నే ఎందుకు? ఆ ఏడాది ఏప్రిల్ 15న బోస్టన్ మారథాన్ ఫినిషింగ్ లైన్ దగ్గర రెండు ప్రెషర్ కుక్కర్ బాంబులు పేలాయి. ముగ్గురు చనిపోయారు, 260 మందికి పైగా గాయపడ్డారు, కొందరి కాళ్లు పోయాయి. కుక్కర్లను తెచ్చింది వీపుకు తగిలించుకునే బ్యాగుల్లో. ఆ బ్యాగులు ఎవరి కంటికీ వింతగా అనిపించలేదు, ఎందుకంటే అక్కడ అందరి వీపుకూ బ్యాగులే.

బ్యాగు మీద అనుమానం మాత్రం అంతకన్నా పాతది. 1972 సెప్టెంబర్ 5 తెల్లవారుజామున మ్యూనిక్ ఒలింపిక్ విలేజ్‌లోకి ఎనిమిది మంది కంచె దూకి వచ్చారు. వేసుకున్నవి ట్రాక్ సూట్లు, చేతిలో స్పోర్ట్స్ బ్యాగులు, బ్యాగుల్లో తుపాకులు. చూసినవాళ్లు వీళ్లు కూడా ఆటగాళ్లే, రాత్రి తిరిగి లేటుగా వచ్చారనుకున్నారు. ఆ ఘటనలో ఇజ్రాయెల్ జట్టువాళ్లు 11 మంది చనిపోయారు. ఆ తర్వాత ఒలింపిక్స్ అంటే సెక్యూరిటీ అయిపోయింది.

అయినా 1996 అట్లాంటా ఒలింపిక్స్‌లో సెంటెనియల్ పార్కు మాత్రం ఓపెన్‌గా వదిలేశారు. టికెట్ లేకుండా ఎవరైనా రావొచ్చు, పాటలు వినొచ్చు. జులై 27 అర్ధరాత్రి దాటాక రిచర్డ్ జ్యూయెల్ అనే సెక్యూరిటీ గార్డు ఒక బెంచి కింద దిక్కులేని బ్యాగు చూశాడు. పోలీసులకు చెప్పి, జనాన్ని దూరం జరపడం మొదలుపెట్టాడు. అంతలోనే పేలింది. బాంబు దెబ్బకు ఒక మహిళ చనిపోయారు, 111 మంది గాయపడ్డారు. అతను చూడకపోయి ఉంటే ఆ అంకె ఎక్కడ ఆగేదో. మరి అతనికి దొరికిన బహుమానం? నువ్వే పెట్టి నువ్వే కనిపెట్టినట్టు నటించావు అని 88 రోజులు అనుమానితుడిగా చూశారు, టీవీల్లో రోజూ అతని మొహమే. చివరికి అసలు దోషి ఎరిక్ రుడాల్ఫ్ అని తేలింది, 2005లో నేరం ఒప్పుకున్నాడు. గేటు దగ్గర మనల్ని తడిమి చూసే గార్డు మీద చిరాకు పడేటప్పుడు నాకు ఈ జ్యూయెల్ గుర్తొస్తాడు.

అదే 2005లో అక్టోబర్ 1న ఓక్లహోమా యూనివర్సిటీలో ఫుట్‌బాల్ మ్యాచ్ నడుస్తుండగా స్టేడియం బయట బెంచి మీద ఒక విద్యార్థి తన దగ్గరున్న పేలుడు పదార్థంతో తనే చనిపోయాడు. లోపల 80 వేల మందికి పైగా ఉన్నారు. టెర్రరిస్టులతో సంబంధం ఏమీ లేదని విచారణలో తేల్చారు. కానీ కాలేజీ స్టేడియంలకు ఆ రోజు నుంచి నిద్ర తక్కువైంది.

ఇప్పుడు మన దగ్గరికి వద్దాం. చాలామంది వీడియోల్లో బోస్టన్ గురించి చెప్తారు, దిల్‌సుఖ్‌నగర్ గురించి చెప్పరు. నాకు అది నచ్చదు.

2007 ఆగస్టు 25, శనివారం సాయంత్రం. లుంబిని పార్కులో లేజర్ షో చూస్తున్న జనం మధ్య ఒక బాంబు, కోఠి గోకుల్ చాట్ దగ్గర ఇంకొకటి. 40 మందికి పైగా చనిపోయారు. లుంబినిలో చనిపోయినవాళ్లలో మహారాష్ట్ర నుంచి టూర్‌కు వచ్చిన ఇంజనీరింగ్ స్టూడెంట్లు ఉన్నారు. బీటెక్ చదివినోళ్లకు ఈ మాట గుచ్చుకుంటది. ఇండస్ట్రియల్ టూర్ అని చెప్పి మనమూ అట్లనే తిరిగినం కదా. అదే రోజు దిల్‌సుఖ్‌నగర్‌లో ఫుట్ ఓవర్ బ్రిడ్జి దగ్గర మూడో బాంబు దొరికింది, అది పేలలేదు. ఐదున్నరేళ్ల తర్వాత 2013 ఫిబ్రవరి 21న అదే దిల్‌సుఖ్‌నగర్‌లో రెండు బాంబులు పేలాయి. ఈసారి బ్యాగు కూడా కాదు, సైకిళ్లకు కట్టారు. బస్టాప్ దగ్గర, మిర్చీ బజ్జీల బండి దగ్గర, కోచింగ్ సెంటర్ల నుంచి బయటికొచ్చే పిల్లలు నిలబడే చోట. 18 మంది ప్రాణాలు పోయాయి, వంద మందికి పైగా గాయపడ్డారు.

తేదీలు చూడండి. దిల్‌సుఖ్‌నగర్ ఫిబ్రవరిలో, బోస్టన్ ఏప్రిల్‌లో. రెండు నెలల తేడా. అమెరికాలో స్టేడియంలు బ్యాగు మీద రూల్ పెట్టాయి. మన దగ్గర ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం చోటు మీద చట్టం పెట్టింది. దాని పేరు ఆంధ్రప్రదేశ్ పబ్లిక్ సేఫ్టీ ఎన్‌ఫోర్స్‌మెంట్ చట్టం, 2013. ఒకేసారి వంద మంది గానీ, రోజు మొత్తంలో 500 మంది గానీ వచ్చే ఏ చోటైనా, షాపింగ్ మాల్ కావచ్చు, గుడి, కాలేజీ, ఆసుపత్రి, బస్టాండ్, ఆటల కాంప్లెక్స్ కావచ్చు, లోపలికి వచ్చేవాళ్లను చూసుకునే ఏర్పాటు, సీసీ కెమెరాలు పెట్టుకోవాలి. ఫుటేజీ 30 రోజులు దాచాలి. రాష్ట్రం విడిపోయాక తెలంగాణకూ అదే చట్టం వచ్చింది. హైదరాబాద్‌లో 'నేను సైతం' అని గల్లీ గల్లీకి కెమెరాలు పెట్టించారు చూడండి, వెనక ఉన్న బలం ఇదే. తొర్రూరులో బట్టల షాపులో నెత్తిమీద కెమెరా ఉందంటే దాని తాతముత్తాతలు దిల్‌సుఖ్‌నగర్‌లో ఉన్నారు.

ఇంకో ముచ్చట. 2017 మే 22న ఇంగ్లండ్‌లో మాంచెస్టర్ ఎరీనాలో అరియానా గ్రాండే కచేరీ అయిపోయి పిల్లలు బయటికొస్తున్నప్పుడు ఒకడు బ్యాగులో తెచ్చిన బాంబు పేల్చుకున్నాడు. 22 మంది చనిపోయారు. తర్వాత విచారణలో బయటపడ్డ విషయం ఏమిటంటే, పెద్ద బ్యాగుతో కూర్చున్న ఆ మనిషిని చూసి అక్కడున్న ఒకాయన అనుమానపడి సిబ్బందికి చెప్పాడు. అక్కడున్న ఒక గార్డుకు 18 ఏళ్లు. పోయి అడిగితే, నా అనుమానం తప్పయితే జాతి వివక్ష అంటారేమో అని భయపడ్డానని చెప్పాడు. చనిపోయిన మార్టిన్ హెట్ అనే యువకుడి తల్లి ఫిగెన్ మరే ఏళ్ల తరబడి పోరాడితే, 2025 ఏప్రిల్‌లో బ్రిటన్‌లో చట్టం వచ్చింది. దాన్ని మార్టిన్ చట్టం అంటారు. 200 మంది వచ్చే చోటుకు కొన్ని బాధ్యతలు, 800 దాటితే ఇంకా ఎక్కువ. ఆలోచించండి, జనం లెక్కతో చోటుకు బాధ్యత పెట్టే పని మనం వాళ్లకన్నా పదేళ్లు ముందే చేసినం. కాగితం మీద. కెమెరాల భాగం అమలైంది, గేటు దగ్గర మనిషిని గౌరవంగా, తొందరగా చూసే భాగం అట్లనే ఉంది. ఇది నా అభిప్రాయం, మీరు ఏ మాల్‌కైనా పోయి చూసి చెప్పండి. అక్కడ మెటల్ డిటెక్టర్ కూత పెడుతూనే ఉంటది, జనం పోతూనే ఉంటారు.

క్రికెట్ సంగతి. 2010 ఏప్రిల్ 17, బెంగళూరు చిన్నస్వామి స్టేడియం. రాయల్ ఛాలెంజర్స్, ముంబై ఇండియన్స్ మ్యాచ్ మొదలవ్వాల్సిన టైములో గేటు దగ్గర బయట బాంబులు పేలాయి. ఎవరూ చనిపోలేదు, గాయపడ్డవాళ్లలో పోలీసులు, గార్డులు ఉన్నారు. మ్యాచ్ గంట లేటుగా ఆడించారు, ఆ సీజన్ సెమీఫైనల్స్ మాత్రం బెంగళూరు నుంచి నవీ ముంబైకి మార్చారు. అదే సీజన్‌లో మన డెక్కన్ ఛార్జర్స్ డిఫెండింగ్ ఛాంపియన్స్, అయినా సొంతూళ్లో ఒక్క మ్యాచ్ ఆడలేదు. తెలంగాణ ఉద్యమం నడుస్తోంది, భద్రత కష్టమని కటక్, నాగ్‌పూర్, నవీ ముంబైలకు పంపారు. గేటు దగ్గర చెక్ చేయడం కుదరదనుకుంటే ఆటనే ఊరు దాటిస్తారన్నమాట.

అయితే లిస్టులో ఉన్న ప్రతి వస్తువు వెనక బాంబే లేదు. నీళ్ల సీసాది వేరే కథ. 1996 మార్చి 13, కలకత్తా ఈడెన్ గార్డెన్స్, శ్రీలంకతో వరల్డ్ కప్ సెమీఫైనల్. మన వికెట్లు పడుతుంటే జనం సీసాలు విసిరారు, స్టాండుల్లో మంటలు పెట్టారు. మ్యాచ్ ఆపి శ్రీలంక గెలిచినట్టు ప్రకటించారు. సీసా, నాణెం, ఇట్లాంటివి విసిరే వస్తువుల ఖాతా. ఇక బయటి తిండిది మూడో ఖాతా, దానికి పేలుడుతో సంబంధం లేదు, లోపలి స్టాల్ బిజినెస్‌తోనే. సినిమా హాళ్లు బయటి తిండి ఆపొచ్చని 2023 జనవరిలో సుప్రీంకోర్టు చెప్పింది, కానీ మంచి తాగునీళ్లు ఫ్రీగా ఇవ్వాలని కూడా అదే తీర్పులో చెప్పింది. సెక్యూరిటీ చెక్ అని పేరు పెట్టి సకినాలు పట్టుకుంటే అది సెక్యూరిటీ కాదు భయ్.

ఇప్పుడు నాలోని పాత సాఫ్ట్‌వేర్ మనిషి బయటికొస్తాడు, ఒక్క నిమిషం ఓపిక పట్టండి. ఉప్పల్‌లో సుమారు 39,000 మంది పడతారు. లెక్క కోసం 50 చెకింగ్ లైన్లు ఉన్నాయనుకుందాం, ఒక్కో మనిషికి 10 సెకన్లు. ఒక్కో లైన్‌కు 780 మంది, అంటే 7,800 సెకన్లు, రెండు గంటల పది నిమిషాలు. ఇప్పుడు నలుగురిలో ఒకరికి బ్యాగు ఉందనుకోండి. జిప్పు తీయాలె, లోపల చూడాలె, ఇంకో 30 సెకన్లు. ఒక్కో లైన్‌కు ఇంకో 97 నిమిషాలు పెరిగింది. సాయంత్రం నాలుగున్నరకు గేట్లు తెరిస్తే చివరి మనిషి లోపలికి వచ్చేది ఎనిమిదింపావు దాటాక, అప్పటికి పది ఓవర్లు అయిపోతాయి. అందరూ నాలుగున్నరకే రారు, ఆరున్నరకు ఒక్కసారిగా మీద పడతారు. అప్పుడు లెక్క ఇంకా ఘోరం.

ఇది చూశాక నాకు అర్థమైంది, బ్యాగు రూల్ సగం బాంబు గురించి, సగం క్యూ గురించి. పారదర్శక సంచి అయినా, బ్యాగే వద్దన్నా, గార్డు ఒక్కొక్కరి మీద పెట్టే సెకన్లు తగ్గించడమే అసలు పని. ఎందుకంటే గేటు బయట ఆగిన గుంపే ఇంకో ప్రమాదం. మాంచెస్టర్‌లో బాంబు పేలింది హాల్లో కాదు, టికెట్ చెకింగ్ దాటని బయటి గదిలో. చిన్నస్వామిలో 2010 బాంబులు కూడా గేటు బయటే.

క్యూ దానికదే చంపగలదు. 2022 సెప్టెంబర్ 22న ఇండియా ఆస్ట్రేలియా మ్యాచ్ టికెట్ల కోసం సికింద్రాబాద్ జింఖానా గ్రౌండ్ దగ్గర తొక్కిసలాట, మనోళ్లు చాలామంది గాయపడ్డారు. 2025 జనవరి 8న తిరుపతిలో వైకుంఠ ద్వార దర్శనం టోకెన్ల దగ్గర ఆరుగురు. అదే ఏడాది జూన్ 4న, బెంగళూరు ఐపీఎల్ కప్పు గెలిచిన మర్నాడు, చిన్నస్వామి గేట్ల దగ్గర 11 మంది. చాలామంది మన వయసోళ్లు, ఇంకా చిన్నోళ్లు. 2010లో బాంబులు పేలినా ఒక్కరు చనిపోని ఆ స్టేడియం గేట్ల దగ్గర, పదిహేనేళ్లకు ఏ బ్యాగూ లేకుండా 11 మంది పోయారు.

కాబట్టి ఉప్పల్ దగ్గర బ్యాగు వద్దనడాన్ని నేను తప్పు పట్టను. క్లియర్ బ్యాగు కన్నా అదే మేలేమో కూడా. క్లియర్ బ్యాగులో ఆడపిల్లలు తీసుకెళ్లే ప్యాడ్లు, మందులు అందరికీ కనబడతాయని అమెరికాలో ఆడవాళ్లు గొడవ పెట్టారు, న్యాయమైన గొడవే. అందుకే ఆ చిన్న పర్సుకు మినహాయింపు పనికొచ్చింది.

నేను అడిగేది ఒకటే. లోపలికి వద్దన్న బ్యాగును ఎక్కడ పెట్టాలో ఎవరు చెప్తారు? గేటు దగ్గర పక్కన పెట్టేసి పోతే ఏమైతది? దిక్కులేని బ్యాగుల కుప్ప. అంటే ఏ వస్తువుకు భయపడి ఈ రూల్ పెట్టారో, ఆ వస్తువునే రూల్ గేటు బయట తయారుచేస్తోంది. లేదంటే పక్కన పాన్ డబ్బా అన్నకు డబ్బులిచ్చి దండం పెట్టాలె.

దీనికి జవాబు కోసం అమెరికా పోనక్కర్లేదు. తిరుమల పోండి. అలిపిరిలో నడక మొదలుపెట్టే ముందు లగేజీ కౌంటర్లో బ్యాగు ఇస్తే స్కాన్ చేసి, రసీదు ఇచ్చి, టీటీడీ బండిలో కొండ మీదికి పంపుతుంది. పైసా తీసుకోదు. పైన రసీదు చూపించి తీసుకోవడమే. ఫోన్లకు వేరే కౌంటర్, చెప్పులకు వేరే. తిరుమలకు మామూలు రోజుల్లోనే 60, 70 వేల మంది వస్తారు, ఉప్పల్ నిండిన దానికన్నా ఎక్కువ, అదీ ప్రతిరోజూ. దేవుడి దగ్గర 'బ్యాగు లోపలికి వద్దు, ఇదిగో ఇక్కడ పెట్టు' అంటారు. స్టేడియం దగ్గర మొదటి సగం మాత్రమే అంటారు.

ఉప్పల్‌లో మెట్రో స్టేషన్ ఉంది, స్టేడియం పేరుతోనే ఇంకో స్టేషన్ ఉంది. మ్యాచ్ రోజుల్లో అక్కడ, గేటుకు దూరంగా, ఒక స్కానరు, నాలుగు కౌంటర్లు, క్యూఆర్ కోడ్ రసీదు. యాప్ నేను రాసిస్తా, ఫ్రీగా. బ్యాగుకు 30 రూపాయలు పెట్టినా తొర్రూరు, పాలకుర్తి, మరిపెడ నుంచి వచ్చినోడు సంతోషంగా ఇస్తాడు. టికెట్ బుక్ చేసేటప్పుడే 'బ్యాగు ఉందా' అని ఒక టిక్ పెట్టినా చాలు, ఎన్ని వస్తాయో ముందే తెలుస్తది.

అది వచ్చేదాకా మ్యాచ్‌కు పోయేటోళ్లు ముందే హైదరాబాద్‌లో ఉన్న దోస్తుకో చిన్నమ్మకో ఫోన్ చేయండి, బ్యాగు వాళ్లింట్లో పడేసి గేటు దగ్గరికి ఐదింటికల్లా చేరండి. ఆరున్నర గుంపులో ఇరుక్కోకండి. పిల్లల్ని తీసుకుపోతే వాళ్ల జేబులో మీ ఫోన్ నంబర్ రాసిన చీటీ పెట్టండి, పెన్ను మాత్రం ఇంట్లోనే వదిలేయండి, కొన్నిచోట్ల అదీ వద్దంటున్నారు. వచ్చే ఎపిసోడ్‌లో కలుద్దాం.